పోక్సో కేసులో నిందితుడు బెయిల్ అడిగితే జడ్జి ఏం చూస్తరు, పిల్ల తరఫు వాళ్లు ఏం చెయ్యాలె

పొద్దున పదిన్నరకి నాంపల్లి క్రిమినల్ కోర్టుల మెట్లెక్కితే ఒక సీన్ రోజూ కనపడుతది. ఒకమ్మ చేతిలో బట్టల షాపు కవర్ ఉంటది, దాంట్లో ఎఫ్ఐఆర్ కాపీ, పిల్ల ఆధార్ జిరాక్స్, హాస్పిటల్ చీటీలు, ఎవరు నల్లకోటుతో పోతుంటే వాళ్లని ఆపి అడుగుతుంటది, "సార్ ఇయ్యాల వానికి బెయిల్ వస్తదంట, నిజమేనా" అని. నేను లాయర్ని కాదు. పోక్సో, అంటే పిల్లల మీద లైంగిక నేరాల చట్టం కింద పెట్టిన కేసుల్లో పిల్లలకీ వాళ్ల అమ్మానాన్నలకీ తోడుగా ఉండే సపోర్ట్ పర్సన్‌గా కొన్నేళ్ల సంది ఈ వరండాల్లో తిరుగుతున్న, అందుకని ఆ అమ్మ అడిగిన ప్రశ్నకి నాకు తెలిసిన జవాబు మొత్తం ఇక్కడ రాస్తున్న, కొంచెం పొడుగైతది, ఓపిగ్గా చదవండి. కేసు ముచ్చట్లు వచ్చిన కాడ గుర్తు పట్టకుండా వివరాలు మార్చిన.

ముందు ఒక అపోహ తీసేద్దాం. "నాన్ బెయిలబుల్ కేసు పెట్టిన్రు, ఇంక వాడు బయటికి రాడు" అని స్టేషన్ దగ్గర ఎవరో ఒకరు చెప్తరు, ఇంటోళ్లు నమ్ముతరు, నెల తిరిగేసరికి వాడు బస్తీలో కనపడితే గుండె ఆగినంత పనైతది. నాన్ బెయిలబుల్ అంటే బెయిల్ రాదని కాదు, స్టేషన్లో హక్కు కింద ఇచ్చేది కాదు, జడ్జి ఆలోచించి ఇవ్వాలె లేదా వద్దనాలె, అంతే. గంజాయి కేసుల చట్టంలో ఉన్నట్టు బెయిల్‌కి స్పెషల్ అడ్డంకులేవీ 2012 నాటి పోక్సో చట్టంలో పెట్టలేదు, 31వ సెక్షన్ ప్రకారం మామూలు క్రిమినల్ ప్రొసీజర్‌లో బెయిల్‌కి ఏ రూల్స్ ఉన్నయో అవే దీనికీ వర్తిస్తయి. ఆ ప్రొసీజర్ ఇప్పుడు బీఎన్ఎస్ఎస్, పాత సీఆర్పీసీ జాగాలో వచ్చిన చట్టం, 2024 జులై 1 నుంచి నడుస్తున్నది. పాత 437, 438, 439 సెక్షన్లు ఇప్పుడు 480, 482, 483 అయినయి, లాయర్లు ఇప్పటికీ పాత నంబర్లే నోటికొచ్చి చెప్తుంటరు, కంగారు పడకండి.

ఇంకోటి, బెయిల్ అంటే తీర్పు కాదు. వాడు తప్పు చేసిండా లేదా అన్నది ఆరోజు తేలదు. నాకూ మొదట్లో మస్తు కోపమొచ్చేది, ఇంత చిన్నపిల్ల కేసులో కూడా వాదనలేంది అని, కానీ విచారణకి ముందే శిక్ష వేసే పని బెయిల్ కోర్టుది కాదు, నిజంగనే తప్పుడు కేసులో ఇరుక్కున్నోడికి కూడా అదే తలుపు. జడ్జి చూసేది ముఖ్యంగా మూడు భయాలు: వీడు పారిపోతడా, సాక్షుల్ని చెడగొడ్తడా, మళ్లీ అదే పని చేస్తడా. ఆ మూడింటి మీద మీ దగ్గర ఏముందో అదే ఆరోజు పనికొచ్చేది.

జడ్జి తూకం వేసేవి

సుప్రీంకోర్టు 2010లో ప్రశాంత కుమార్ సర్కార్ కేసులో బెయిల్‌కి ఏమేం చూడాలో చెప్పింది, ఇప్పటికీ ఆర్డర్లలో అదే కనపడుతది. చూడంగానే నమ్మదగ్గ ఆధారం ఉందా, నేరం ఎంత పెద్దది, శిక్ష ఎంత పడొచ్చు, నిందితుడి నడవడి ఏంది, చేతిలో డబ్బు పలుకుబడి ఎంత, సాక్షుల్ని బెదిరించే ఛాన్స్ ఉందా, ఇట్లాంటివి. పిల్లల కేసులకొచ్చేసరికి 2020లో ఢిల్లీ హైకోర్టు ధర్మేందర్ సింగ్ కేసులో ఇంకొన్ని చెప్పింది: పిల్ల వయసెంత, నిందితుడి వయసెంత, ఇద్దరి మధ్య తేడా ఎంత, చుట్టరికం ఉందా, బెదిరించడం కొట్టడం జరిగిందా, తర్వాత వాడు ఎట్ల ప్రవర్తించిండు, ఇంతకుముందు ఇట్లాంటిది చేసిండా, బయటికొస్తే పిల్లకి అందేంత దగ్గర్లో ఉంటడా. ఢిల్లీ తీర్పు మన హైకోర్టుని కట్టడి చెయ్యదు గానీ ఎక్కడైనా జడ్జి ఆలోచించేది ఇదే దారిలో.

వయసు తేడా ఎందుకు అంత ముఖ్యమంటే, పదిహేడేళ్ల అమ్మాయి పందొమ్మిదేళ్ల అబ్బాయితో వెళ్లిపోయి ఇంటోళ్లు కేసు పెట్టిందీ పోక్సోనే, ఏడేళ్ల పాపని పక్కింటి యాభై ఏళ్లాయన ఏదో చేసిందీ పోక్సోనే. పిల్ల ఒప్పుకున్నదన్న మాటకి చట్టంలో విలువ లేకపోయినా బెయిల్ దగ్గర జడ్జి ఈ రెండింటినీ ఒకే తక్కెడలో పెట్టరు. మీది రెండో రకం అయితే వయసు రుజువు ఫస్ట్ రోజే ఐఓ (కేసు దర్యాప్తు చేసే పోలీసు అధికారి) చేతిలో ఉండాలె. జువెనైల్ జస్టిస్ చట్టం 94వ సెక్షన్ ప్రకారం బడి ఇచ్చిన పుట్టినతేదీ సర్టిఫికెట్ గానీ టెన్త్ సర్టిఫికెట్ గానీ, అవి లేకపోతే జీహెచ్ఎంసీ ఇచ్చే బర్త్ సర్టిఫికెట్, ఏదీ లేకపోతేనే ఎముకల టెస్టు. ఆధార్ కార్డు పుట్టినతేదీకి రుజువు కాదని సుప్రీంకోర్టు 2024లో చెప్పింది, కానీ కవర్లో తెచ్చేది మాత్రం అందరూ ఆధారే.

సెక్షన్ని బట్టి కూడా బరువు మారుతది. పోక్సో 6 (అత్యాచారంలో ఇంకా తీవ్రమైన రకం) కింద కనీసం 20 ఏండ్లు, పైకి యావజ్జీవం, ఉరి దాకా ఉంది. 4 (అత్యాచారం లాంటి దాడి) కింద కనీసం పదేళ్లు, పిల్లకి పదహారు లోపైతే 20. 8 (చెడుగా తాకడం) కింద 3 నుంచి 5 ఏండ్లు, 10 (దాంట్లోనే తీవ్రమైన రకం) కింద 5 నుంచి 7. అత్యాచారం కేసులో పిల్లకి పదహారు నిండకపోతే బీఎన్ఎస్ (పాత ఐపీసీ జాగాలో వచ్చిన చట్టం) 65, పద్దెనిమిది లోపు అమ్మాయి మీద గ్యాంగ్ రేప్ అయితే 70(2) పడుతయి. ఈ రెంటిలో ముందస్తు బెయిలే లేదు, 482లోనే రాసిపెట్టిన్రు.

29వ సెక్షన్ సంగతి కూడా అడుగుతుంటరు, "పోక్సోలో నిందితుడే తాను తప్పు చెయ్యలేదని నిరూపించుకోవాలంట గదా, ఇంక బెయిల్ ఎట్లొస్తది" అని. ఆ సెక్షన్ ఉన్నది నిజమే, కానీ అది ఛార్జెస్ ఫ్రేమ్ అయినంకనే, అంటే ఏ నేరాల మీద ట్రయల్ నడపాలో కోర్టు ఖరారు చేసినంకనే పనికొస్తదని పైన చెప్పిన ఢిల్లీ తీర్పులోనే ఉంది. కాబట్టి మొదటి నెలలో దాని మీద ఆశ పెట్టుకోకండి, ఆ టైమ్‌లో బలం మొత్తం పిల్ల మేజిస్ట్రేట్ ముందు ఇచ్చే స్టేట్‌మెంట్‌లో ఉంటది. పాత 164, ఇప్పుడు 183.

ఆ స్టేట్‌మెంట్ గురించి ఒక్క మాట గట్టిగ చెప్తా. పిల్లకి ఏమీ నేర్పియ్యకండి. ఎఫ్ఐఆర్‌లో "చెయ్యి పెట్టిండు" అని ఉండి, స్టేట్‌మెంట్‌లో ఎవరో పెద్దోళ్లు చెప్పిచ్చిన పెద్ద మాట వస్తే కేసు బలపడుతదని అనుకుంటరు, అవతలి లాయర్ ఫస్ట్ పట్టుకునేది దాన్నే, రెండు కాపీలు పక్కపక్కన పెట్టి చదువుతడు. పిల్ల ఎంత చెప్తే అంతే. ఫిర్యాదు లేటైతే లేటెందుకైందో ఉన్నదున్నట్టు చెప్పాలె, "పాప మూడు నెలలు చెప్పలేదు, బడికి పోనని ఏడుస్తుంటే టీచరమ్మ అడిగితే అప్పుడు చెప్పింది" అని. పిల్లలు వెంటనే చెప్పరని జడ్జిలకి తెలుసు, పేపర్ మీద కారణమే లేకపోతే మాత్రం వాళ్లూ ఏం చెయ్యలేరు.

బెయిల్ పిటిషన్ ఒకసారే పడుతదనుకోకండి

మామూలుగా నాలుగైదు సార్లు ఎదురైతది. అరెస్టయిన వారం పది రోజులకే మొదటిది పడుతది, ఇన్వెస్టిగేషన్ నడుస్తున్నదని చాలావరకు కొట్టేస్తరు. ఛార్జిషీట్ వేసినంక ఇంకోటి, "దర్యాప్తు అయిపోయింది, ఇంక నన్ను లోపల ఉంచి ఏం లాభం" అని. స్పెషల్ కోర్టు వద్దంటే మూసీ పక్కన హైకోర్టులో క్రిమినల్ పిటిషన్. పిల్ల సాక్ష్యం అయిపోయినంక మళ్లీ ఒకటి, అప్పుడు "సాక్షిని చెడగొడ్తడు" అన్న వాదన సగం పడిపోతది, మనోళ్లు చాలామంది ఇక్కడే ఏమరుపాటుగ ఉంటరు. పరిస్థితి మారిందని చూపిస్తే ఎన్నిసార్లైనా వెయ్యొచ్చు. చట్టమేమో కోర్టు కేసు తీసుకున్న 30 రోజుల్లో పిల్ల సాక్ష్యం, ఏడాదిలోపు విచారణ మొత్తం అయిపోవాలని 35వ సెక్షన్లో చెప్తది, వీలైనంతవరకు అనే మాట కూడా పక్కనే ఉంది, ఆ మాటలోనే ఏండ్లు పోతున్నయి. ట్రయల్ లేటైన కొద్దీ లోపలున్నోడికే వాదన బలపడుతది, అందుకే మీకు సమన్లొస్తే పెళ్లి ఉంది ఊరికి పోవాలె అని వాయిదా అడక్కండి.

వీటన్నిటికంటే వేరే రకం ఒకటుంది, దాన్ని మనం వాదించి ఆపలేం. డిఫాల్ట్ బెయిల్. పోలీసులు టైమ్‌కి ఛార్జిషీట్ వెయ్యకపోతే కేసు ఎంత ఘోరమైనా సరే, వాడు అడిగి షూరిటీలు (పూచీకత్తు) పెడితే బెయిల్ ఇవ్వాల్సిందే. పోక్సో 4, 6 లాంటి పెద్ద సెక్షన్లకి 90 రోజులు, 8, 10 లాంటివాటికి 60. లెక్క మొదలయ్యేది ఎఫ్ఐఆర్ రోజు నుంచి కాదు, రిమాండ్ చేసిన రోజు నుంచి, ఆ రోజుని కూడా కలిపే లెక్కపెట్టాలని 2023లో సుప్రీంకోర్టు చెప్పింది. అసలైతే పోక్సో 4, 6, 8, 10 కేసుల్లో రెండు నెలల్లో దర్యాప్తు ముగించాలని బీఎన్ఎస్ఎస్ 193లోనే ఉంది. మీరేం చెయ్యాలంటే, గోడ మీద క్యాలెండర్లో రిమాండ్ తేదీకి సున్నా చుట్టి, 45వ రోజున ఐఓ దగ్గరికి పోయి "సార్ ఛార్జిషీట్ ఎంతవరకొచ్చింది" అని మర్యాదగా అడగండి. రెడ్‌హిల్స్ ఎఫ్ఎస్ఎల్ (ఫోరెన్సిక్ ల్యాబ్) నుంచి రిపోర్ట్ రాలేదంటే అదే మాట పీపీ (సర్కారు లాయర్) చెవిన వెయ్యండి. ఒక కేసులో మేం 92వ రోజు పోయినం, వాడు 91వ రోజే పిటిషన్ వేసిండు. ఆ అమ్మ నన్నేమనలేదు, నాకే మూడు రాత్రులు నిద్ర పట్టలేదు.

మీ మాట జడ్జి దాకా ఎట్ల పోతది

చాలామందికి తెల్వదు, బెయిల్ వాదనప్పుడు మిమ్మల్ని వినాలె. బీఎన్ఎస్ 65, 70(2) కేసుల్లోనైతే ఫిర్యాదు ఇచ్చినోళ్లు గానీ వాళ్లు పంపినోళ్లు గానీ కోర్టులో ఉండి తీరాలని 483లోనే ఉంది. మిగతా కేసుల సంగతికొస్తే, యూపీలో రైతుల మీద బండి ఎక్కించిన లఖీంపూర్ ఖేరీ కేసులో 2022 ఏప్రిల్లో సుప్రీంకోర్టు బాధితులకి ప్రతి దశలో వినిపించుకునే హక్కుందని తేల్చింది, బెయిల్ కూడా అందులోకే వస్తది. నిందితుడి అరెస్ట్, వేసిన పిటిషన్లు, కోర్టు వాయిదాలు పిల్ల ఇంటోళ్లకి పోలీసులే తెలియజెయ్యాలని 2020 పోక్సో రూల్స్‌లో ఉంది. ఉంది గానీ, ఫోన్ రాదు. లేదా పొద్దున తొమ్మిదికి కానిస్టేబుల్ ఫోన్ చేసి "అమ్మా ఇయ్యాల బెయిల్ ఉంది, పదిన్నరకి రండి" అంటడు, మీరు ఉండేదేమో బోరబండ, రెండు బస్సులు మారాలె.

కాబట్టి మీ జాగ్రత్త మీరే పడాలె. ఎఫ్ఐఆర్ కాపీ మీకు ఫ్రీగా ఇవ్వాలె, తీసుకోండి, పోక్సో ఎఫ్ఐఆర్‌లు ఆన్‌లైన్లో పెట్టరు కాబట్టి ఫోన్లో వెతికి లాభం లేదు. ఏ కోర్టో ముందే కనుక్కోండి, సిటీ కేసైతే ఎక్కువగా నాంపల్లి, రంగారెడ్డి వైపైతే ఎల్బీనగర్, స్టేషన్ని బట్టి మారుతది. కేసు నంబర్ పడ్డంక 16 అక్షరాల సీఎన్ఆర్ నంబర్ అడిగి ఈకోర్ట్స్ యాప్‌లో పెట్టుకుంటే వాయిదాలు కనపడుతయి. ఐఓ ఫోన్ నంబర్‌తో పాటు పీపీ ఆఫీసులో రోజూ కూర్చునే ఆయన నంబర్ కూడా తీసుకోండి, నిజంగ పనికొచ్చేది అదే.

పీపీ సర్కారు లాయర్, మీ కేసు ఆయనే వాదిస్తడు, కానీ ఆయన చేతిలో ఆరోజు ఇంకో పదిహేను ఫైళ్లుంటయి. పోక్సో 40వ సెక్షన్ ప్రకారం మీరు మీ లాయర్ని కూడా పెట్టుకోవచ్చు, పైసల్లేకపోతే లీగల్ సర్వీసెస్ అథారిటీ ఫ్రీగా ఇస్తది, ఆడోళ్లకీ పిల్లలకీ ఆదాయం లెక్క అడగరు, 15100కి ఫోన్ చేస్తే చాలు. లక్డీకాపూల్ దగ్గర హాకా భవన్‌లో సిటీ పోలీసుల భరోసా సెంటర్ 2016 నుంచి ఉంది, కౌన్సెలింగ్, లీగల్ సాయం ఒకేచోట దొరుకుతయి.

ఇప్పుడు అసలు పని. బెయిల్ వాదన చూస్తే పది పదిహేను నిమిషాల్లో అయిపోతది, అందులో పిల్ల తల్లి ఏడ్చి చెప్పేదానికి టైముండదు, ఏడుపు ఆర్డర్లోకి ఎక్కదు. కాయితం ఎక్కుతది. "మాకు ప్రాణభయం ఉంది, బెయిల్ ఇవ్వొద్దు" అని రాస్తే ప్రతి కేసులో అందరూ రాసేదే అని పక్కన పెడ్తరు. ఒకటిన్నర పేజీలో, ఇట్ల రాయాలె:

"నిందితుడు మా ఇంటి పై పోర్షన్లో ఉంటాడు. ఆయన దిగే మెట్లు మా తలుపు ముందే ఉన్నాయి. ఇద్దరికీ నీళ్ల నల్లా ఒకటే. ఫలానా తేదీ సాయంత్రం ఆరు గంటలకు ఆయన తమ్ముడు మా షాపుకు వచ్చి కేసు వాపస్ తీసుకోమన్నాడు, అప్పుడు ఫలానా వారు అక్కడ ఉన్నారు. పాప ఇంకా కోర్టులో సాక్ష్యం చెప్పలేదు. ఆయనకు సొంతిల్లు లేదు, వేరే రాష్ట్రం నుంచి వచ్చి రెండేళ్లు అయింది."

చూసిన్రా, ఒక్క తిట్టు లేదు. మెట్లు, నల్లా, తేదీ, టైమ్. ఈ కాయితం ఐఓకి ఒక కాపీ ఇచ్చి ముద్ర వేయించుకోండి, పీపీకి ఒకటి, మీ లాయర్ ఉంటే ఆయన ద్వారా కోర్టులో అభ్యంతరంగా ఒకటి. ఆ మెట్ల మాట నేను ఊరికే రాయలేదు. ఒక కేసులో జడ్జిగారు పీపీని అడిగిన ఒకే ఒక్క ప్రశ్న "ఇల్లు ఎంత దూరం?" అని. పీపీ ఫైల్ తిప్పుతుండు, దొరకట్లే, వెనక నిలబడ్డ తల్లి ఉండబట్టలేక "మెట్లు మా గుమ్మంలోకే దిగుతయి సార్" అన్నది. ఆరోజు బెయిల్ రాలేదు. తర్వాత వచ్చినప్పుడు కూడా, ట్రయల్ అయ్యేదాకా ఆ ఏరియాలో అడుగుపెట్టొద్దన్న షరతుతోనే వచ్చింది. షరతు కూడా అడిగితేనే పడుతది. బెయిల్ వద్దని వాదిస్తూనే, ఒకవేళ ఇస్తే ఇవి పెట్టండి అని కిందనే రాయండి: పిల్లనీ సాక్షుల్నీ ఏ రకంగనూ కలవొద్దు, ఫోన్ చెయ్యొద్దు, బడి దగ్గరికి రావొద్దు, వేరే ఏరియాలో ఉండాలె, పాస్‌పోర్ట్ అప్పజెప్పాలె, వారానికోసారి స్టేషన్లో సంతకం.

ఎట్లాంటి షరతులు పెట్టకూడదో కూడా తెలుసుకోండి. 2020లో మధ్యప్రదేశ్ హైకోర్టు ఒక లైంగిక వేధింపు కేసులో నిందితుణ్ని బాధితురాలి ఇంటికి పోయి రాఖీ కట్టించుకోమని చెప్పి బెయిల్ ఇచ్చింది. సుప్రీంకోర్టు 2021 మార్చిలో, అపర్ణా భట్ కేసులో, దాన్ని కొట్టేసి బాధితురాలితో కలిసే షరతులేవీ పెట్టొద్దు, రాజీ చేసుకోమని పెళ్లి చేసుకోమని సలహాలియ్యొద్దు అని కింది కోర్టులన్నిటికీ చెప్పింది. బెయిల్ ఇస్తే వెంటనే ఫిర్యాదీకి తెలపాలె, రెండు రోజుల్లో ఆర్డర్ కాపీ ఇవ్వాలె అని కూడా అందులోనే ఉంది.

రాజీ అంటే గుర్తొచ్చింది. బెయిల్ పడే ముందు రోజుల్లోనే పెద్దమనుషులు కూర్చుంటరు. "పిల్ల పేరు బయట పడుతది, ఆడపిల్ల, రేపు పెళ్లి కావాలె, ఇంత తీసుకుని మాకు అభ్యంతరం లేదని రాసియ్యండి" అంటరు, చుట్టాలే అంటరు, అది ఇంకా బాధ. పోక్సో కేసుని రాజీతో కొట్టెయ్యడం కుదరదని 2024 నవంబర్లో సుప్రీంకోర్టు చెప్పింది, అయినా ఆ కాయితాన్ని బెయిల్ కోసం వాడుకోవడానికి చూస్తరు. ఖాళీ కాయితం మీద, స్టాంప్ పేపర్ మీద, చదవని దేని మీదా సంతకం పెట్టకండి. అబద్ధపు సాక్ష్యం చెప్పమని బెదిరిస్తే అది బీఎన్ఎస్ 232 కింద వేరే నేరం. కోపంలో మీరూ ఒక తప్పు చెయ్యకండి, పిల్ల ఫోటో గానీ పేరు గానీ బడి పేరు గానీ న్యాయం కావాలంటూ వాట్సాప్ గ్రూపుల్లో తిప్పొద్దు, అది మీరు చేసినా నేరమే.

నిందితుడు కూడా పద్దెనిమిది లోపువాడైతే ఇదంతా వేరే లెక్క. కేసు సైదాబాద్ వైపు జువెనైల్ బోర్డుకి పోతది, జువెనైల్ జస్టిస్ చట్టం 12వ సెక్షన్ ప్రకారం అక్కడ బెయిల్ ఇవ్వడమే రూలు, చెడు సావాసంలో పడ్తడనో వానికే ప్రమాదమనో న్యాయానికి దెబ్బ అనో కారణం చూపిస్తేనే ఆపుతరు. 2022లో జూబ్లీహిల్స్ గ్యాంగ్ రేప్ కేసులో మైనర్లకి అంత తొందరగా బెయిలెట్లొచ్చిందని ఊరంతా అడిగింది గదా, అదీ సంగతి.

ఇంక బెయిల్ వచ్చేసిందనుకుందాం. ఆర్డర్ వచ్చిన నిమిషానికే చంచల్‌గూడ గేటు తెరుచుకోదు, షూరిటీలు పెట్టాలె, వాళ్ల కాయితాలు చూడాలె, రిలీజ్ ఆర్డర్ జైలుకి చేరాలె, చాలాసార్లు ఒకట్రెండు రోజులు పడుతది. ఆ టైమే మీకు దొరికేది. ఆర్డర్ కాపీ తీసుకుని షరతుల్ని తెలుగులో ఎవరితోనైనా రాయించుకోండి, బడిలో ప్రిన్సిపాల్‌కి ఒక్కరికి చెప్పండి, పిల్లని ఎవరు తీసుకుపోవాలె ఎవరు తేవాలె తేల్చుకోండి, పిల్లకి కూడా నిజం చెప్పండి, "వాడు బయటికొస్తుండు, నీ దగ్గరికి రావొద్దని జడ్జి చెప్పిన్రు, కనపడితే వెంటనే నాకు చెప్పు" అని. దాచిపెడితే పిల్ల రోడ్డు మీద సడన్‌గా చూసి జడుసుకుంటది. సాక్షుల రక్షణ కోసం వేరే దరఖాస్తు కూడా పెట్టుకోవచ్చు, పీపీనో లీగల్ సర్వీసెస్ వాళ్లనో అడగండి.

వాడు షరతు తప్పితే 483(3) కింద బెయిల్ రద్దు అడగొచ్చు. ఆర్డరే తప్పు, జడ్జి ముఖ్యమైనవి చూడనే లేదు అనేది వేరే వాదన, దానికి హైకోర్టుకి పోవాలె. షరతు తప్పిండు అనేదానికి మాత్రం రుజువు గట్టిగ ఉండాలె, ఒకసారి ఇచ్చిన బెయిల్ని కోర్టులు తేలిగ్గా తియ్యవు. మెట్ల కేసులో ఆ తల్లి పాలవాడి లెక్కలు, గ్యాస్ బండ తేదీలు రాసే తెలుగు క్యాలెండర్లోనే ఇదీ రాసింది, వాడు బడి సందులో బండి ఆపిన రోజులకి పెన్సిల్తో "బ" అని, పక్కన టైమ్. నెలన్నరలో ఏడు "బ"లు. రెండుసార్లు 100కి ఫోన్ చేసింది, ఆ కాల్ రికార్డులు స్టేషన్లో ఉన్నయి, తేదీలు క్యాలెండర్‌తో కలిసినయి. పీపీ ఆ క్యాలెండర్ పేజీలనే జిరాక్స్ తీసి పిటిషన్‌కి జతచేసిండు, ఏకాదశి, అమావాస్య, రాహుకాలం అన్నీ కనపడుతున్నయి దాంట్లో. జడ్జిగారు కళ్లజోడు పైకి తోసి, ఒక్కో "బ" మీద వేలు పెట్టి చదివిన్రు.